హతసాక్షి తల్లి

"ఓడిలార్! ఆవిడ వచ్చేసిందయ్యా! గాడిద బండి మీద, అంత దూరం నుంచి!"

మఠాధిపతి గోంబర్ట్ కేకకి ఓడిలార్ చేతిలోని ఈక కలం జారింది. తోలు కాగితం మీద సిరా చిందింది.

"ఎవరు స్వామీ?"

"పునీతుడు ఇమ్మోని కన్న తల్లి! ఇంకా బతికే ఉంది. రేపు పండగలో ఆవిడ ముందే నీ కావ్యం చదవాలి. బిషప్ గారూ వింటారు."

ఓడిలార్ చిందిన సిరా తుడవబోయి ఒక పంక్తంతా అలికేశాడు.

ముప్ఫై ఏళ్ల కిందట ఉత్తర సముద్రపు దొంగలు పడవల్లో వచ్చి సెన్ నది రేవులోని గుడిని తగలబెట్టారు. బూడిదలో తల లేని మొండెం ఒకటి దొరికింది. గుడి చూసుకునే ఇమ్మోదేనని ఏడ్చి పాతిపెట్టారు. ఆ సమాధి దగ్గర ఒక కుంటివాడు లేచి నడిచాడు. ఇవాళ మఠం తిండీ, పరువూ ఆ సమాధివే. అందుకే లాటిన్‌లో దిట్ట అని ఓడిలార్‌ను దూరపు మఠం నుంచి పిలిపించి, దేవుడి కోసం ప్రాణమిచ్చిన ఆ హతసాక్షి చరిత్రను ఛందస్సులో రాయించారు.

గొడ్డలి ముందు ఇమ్మో నవ్వుతూ నిలబడ్డాడని రాశాడు. తెగిన తల ప్రార్థన పూర్తి చేసిందనీ రాశాడు. వాడి ధైర్యం ఏపాటిదో కన్నతల్లికి తెలియదా?

"గొంతు పట్టేసింది స్వామీ. ఇంకెవరితోనైనా చదివించండి."

"కాస్త తేనె చప్పరించు. రాసినవాడే చదవాలి. ఆవిడకి లాటిన్ రాదు, మన మాటల్లోనూ నువ్వే చెప్పు. పాపం, చూపు కూడా లేదు."

మర్నాడు గుడి కిక్కిరిసిపోయింది. ఓడిలార్ తలెత్తకుండా చదివాడు. తర్వాత జనం భాషలో చెప్పడం మొదలుపెట్టాడు.

ముందు వరసలో ముసలమ్మ చటుక్కున తలెత్తింది.

"ఆగు!" అంటూ లేచింది.

బిషప్ ముందుకు వంగాడు. "ఏమ్మా, తప్పేమైనా ఉందా?"

ఓడిలార్ ఒక అడుగు వెనక్కి వేశాడు. ఆమె ఒక్క మాటంటే చాలు, సమాధి పోతుంది, మఠం పోతుంది, కొరడాలతో తన వీపు చీలిపోతుంది.

కర్ర తాటించుకుంటూ వచ్చి ఆమె అతని మొహం తడిమింది. చాలాసేపు తడిమింది.

"తప్పేం లేదు దొరా," అంది చివరికి. "నా బిడ్డ అలాగే పోయాడు. ప్రతి ముక్కా నిజం."

జనం భోరుమంటూ మోకాళ్ల మీద పడ్డారు.

ఆ గోలలో ఆమె ఓడిలార్ చెవికి నోరు ఆనించి, "బతికే ఉన్నావా నా తండ్రీ, ఇమ్మో!" అంది.