మంచు మీద ఈడ్చిన గీత

మంచు మీద మళ్లీ అదే జాడ.

మనిషి అడుగులు, వాటి పక్కనే ఏదో ఈడ్చుకెళ్లిన వెడల్పాటి గీత. నారిన్ ఏటి ఒడ్డు పొడుగునా అంతే. నీటికుక్కల అడుగు ఒక్కటంటే ఒక్కటి లేదు.

అటవీ కాపలాదారు ఎసెన్ గుండె జారిపోయింది. భార్య పోయాక ఆ లోయలో అతనికి తోడంటూ మిగిలినవి ఒక తల్లి నీటికుక్క, దాని రెండు పిల్లలు. అవి పొట్టమీద జారుతూ ఏట్లోకి దూకుతుంటే చూస్తూ పొద్దుపుచ్చేవాడు. చలి ముదిరాక కనబడటమే మానేశాయి.

గొర్రెలదొడ్డి పక్కన గుడిసెలో ఈ ఏడే ఎవరో ముసలాయన వచ్చి చేరాడు. పేరు కూడా ఎవరూ అడగలేదు.

ఎసెన్ తిన్నగా అక్కడికే వెళ్లాడు.

ముసలాయన రొట్టె తుంచి ఇచ్చాడు. ఎసెన్ ముట్టలేదు. రొట్టె తిన్న ఇంట్లో మనిషిని నిలదీయడం కుదరదు.

"తెల్లారకుండానే ఏటి దగ్గర నీకేం పని, అక్సకాల్?" నెరిసిన గడ్డానికి ఆ పిలుపుతో ఆ మాత్రం మర్యాద ఇచ్చాడు.

"నడుస్తాను."

"వెనకాల ఈడ్చుకెళ్లేదేంటి?"

"కొమ్మ."

"ఆ కొమ్మకి బొచ్చు కూడా ఉంటుందా?"

గోడకి తుప్పుపట్టిన ఇనప ఉచ్చు వేలాడుతోంది.

"అదెవరిది?"

"నాదే. వయసులో ఉన్నప్పటిది. మానేశాను."

"మానేశావులే, తెలుస్తూనే ఉంది. చీకటి పడేలోపు లోయ దాటి పో."

ముసలాయన మూట కట్టుకున్నాడు. గుమ్మంలో ఆగాడు.

"రాత్రికి కొత్త మంచు పడుతుంది. నువ్వయినా పొద్దున్నే ఓసారి ఏటి వెంట నడువు, తమ్ముడూ."

"నా పని నాకు నేర్పకు."

ఆ రాత్రి ఎసెన్ నిశ్చింతగా నిద్రపోయాడు. ఎండెక్కాక ఒడ్డుకు వెళ్లాడు.

కొత్త మంచు నిండా అడుగులు. పెద్దవి ఒక వరస, చిన్నవి రెండు. మధ్యమధ్యన పొట్టతో జారిన నున్నటి చారలు. ఎసెన్‌కు కళ్లనీళ్లు తిరిగాయి. ముసలాడు పోగానే తిరిగొచ్చేశాయి అనుకున్నాడు.

సంబరంగా వాటి వెంటే నడిచాడు.

ఏటి వంపు దగ్గర ఆ అడుగుల్లో రెండు గుర్రాల డెక్కల గుర్తులు కలిశాయి. ఆ గుర్రాలు ఎక్కడా తడబడలేదు. అడుగులు పట్టుకుని తిన్నగా బొరియ దాకా వెళ్లాయి.

అక్కడ మంచు ఎర్రగా ఉంది. నీళ్ల సడి తప్ప ఏమీ వినబడలేదు.

ఎసెన్ ముసలాయన గుడిసెకు పరుగెత్తాడు. లోపల ఎవరూ లేరు. తలుపు పక్కన తాడు కట్టిన కొమ్మ ఒకటి, రెమ్మలన్నీ ఒకవైపే అరిగిపోయి, పడి ఉంది.

రోజూ తెల్లారకముందే దాన్ని ఈడ్చుకుంటూ, వేటగాళ్ల కంటబడకుండా నీటికుక్కల అడుగులు చెరిపేసి, ఆ చలికాలమంతా వాటికి కాపలా కాసినవాడు ఆ ముసలాయనొక్కడే.