పేలిక కట్టిన తీగలు

కొండల మీద అడవి ఎండిపోయాక, మిగిలిన ఆగాకర తీగల్నీ అడవి బిగోనియాల్నీ అద్దాల తోటలోకి తెచ్చారు. మొక్కల మంచిచెడ్డలన్నీ అక్కడ యంత్రమే చూసేది. పొద్దువాలి ఆగాకర పూలు విచ్చే వేళకు మాత్రం కొర్రా చిలకమ్మ కావాలి. తుమ్మెదలూ సీతాకోకలూ మిగల్లేదు కనుక, మగతీగ పువ్వు కోసి ఆడతీగ పువ్వుకు ఆమే అద్దేది.

మగతీగ కాయదు. అడవిలో దుంపలు తవ్వేవాళ్లు దాన్ని ముట్టకుండా చిలకమ్మ తల్లి చీరపేలిక కట్టేది. తోటలో ఉన్న నాలుగు మగతీగలకూ చిలకమ్మ అలాగే కట్టింది.

మర్నాడు వచ్చేసరికి ఆ నాలుగూ వేళ్లతో సహా లేవు.

"కాయనివాటికి గుర్తు పెట్టావని యంత్రం పీకేసింది," అన్నాడు తోట అధికారి ప్రణీత్. "మంచి పని చేశావు."

"అయ్యో బాబూ! ఒగ్గీమని కట్టాను గానీ పీకీమని కాదు. అయి మగతీగలు. మరెక్కడా నేవు. ఇంక ఒక్క కాయైనా కాస్తాదా?"

ప్రణీత్ యంత్రం తెర వైపు చూశాడు. "బిగోనియాలు బాగానే ఉన్నాయిగా," అన్నాడు.

ఆ నెలంతా ఆడతీగలు పచ్చగా విరగబూశాయి. చిలకమ్మ వట్టి చేతులతో వాటి మధ్య తిరిగింది. ఒక్క పిందె నిలవలేదు.

నెలాఖరున ప్రణీత్ పిలిచాడు. "ఇవీ కాయడం లేదట. తీసేసి బిగోనియాలు పెట్టమంటోంది యంత్రం. నీకు అలవాటే కదా, నువ్వే కట్టెయ్."

ఉతికి మడతపెట్టిన పేలికలు ఆమె చేతిలో పెట్టాడు.