ఒక్క ఫైలు తక్కువ

"కుర్చీ ఇస్తే చేస్తా మామా. గడప ఇవతల నిలబడి మాత్రం ఒక్క ముక్క చెప్పను."

శ్రీవాసవి ఆ మాట అనేసరికి నాగసుబ్బయ్య శెట్టి నోట్లో వక్క నోట్లోనే ఉండిపోయింది. కోడలు ఇంటికీ అంగడికీ మధ్యనున్న తలుపు దగ్గర కొంగు నడుముకు దోపుకుని నిలబడింది. ఆయన ముఖంలోకే చూస్తోంది.

బయట గోపన్న లారీ బండలతో నిండి ఉంది. బిల్లు లేనిదే కదలదు. చేత్తో రాసిన బిల్లు చెల్లదని బండలు కొనే బెంగళూరు వాళ్ళు ఖండితంగా చెప్పేశారు. లేకపోతే, బేతంచెర్లలో తాతల నాటి నుంచి బండలమ్మే ఆ అంగడికి కంప్యూటరుతో ఏం పని?

కంప్యూటరు వచ్చింది గాని, మూఢం పోయేదాకా అంగట్లో పెట్టకూడదన్నాడు శెట్టి. అన్నాళ్ళూ అది ఇంట్లోనే ఉంది. మగవాళ్ళు పనుల మీద పోగానే అత్తాకోడళ్ళకు అదే కాలక్షేపం. శ్రీవాసవి పెళ్ళికి ముందు కడపలో కంప్యూటర్ల చదువు చదివింది. అత్త రాజ్యలక్ష్మమ్మను పక్కన కూర్చోబెట్టుకుని అందులో పేకాట చూపించింది. ఇదేమి, అదేమి అని అత్త అడగడం, కోడలు చెప్పడం.

"వీటి జోలికి మాత్రం పోవద్దత్తా," అంది ఒకసారి కొన్ని ఫైళ్ళు చూపించి. "ఇవి ఒకరి సొత్తు కాదు, అన్నిటికీ కావల్ల. కొత్త ప్రోగ్రాము ఏదన్నా ఎక్కించేటప్పుడు, అది ఫలానా ఫైలు ఉండాదా లేదా అని ముందు వెతుక్కుంటాది. లేదనుకో, లోపల కూర్చోనే కూర్చోదు."

"నాకెందుకే ఆ పురాణమంతా? నీ మాటల్లో పడి పప్పు అడుగంటింది పో," అని అత్త లేచి వంటింట్లోకి వెళ్ళింది.

మూఢం పోయింది. కంప్యూటరు అంగడికి చేరింది. కర్నూలు నుంచి దేవేంద్రప్ప వచ్చి బిల్లుల ప్రోగ్రాము ఎక్కించాడు. ఆ రోజంతా చక్కగా నడిచింది. మర్నాడు తెరిస్తే, ఒక ఫైలు లేదంటూ మొరాయించింది. మళ్ళీ ఎక్కించబోతే, అదే ఫైలు లేదని సగంలో ఆగింది. దేవేంద్రప్ప ఆ ఫైలు వేరేచోట నుంచి తెచ్చి పెట్టి వెళ్ళాడు. పొద్దున్నే చూస్తే మళ్ళీ లేదు.

"దీంట్లో దయ్యముండాది శెట్టీ," అని దేవేంద్రప్ప సీడీలు సంచిలో వేసుకున్నాడు. "రోజూ కర్నూలు నుంచి వచ్చేది నాతో గాదప్పా."

"నాకు తెలుసు దాని సంగతి," అంది లోపలి నుంచి శ్రీవాసవి.

"తెలిస్తే ఆణ్ణుంచే చెప్పు, దేవేంద్రప్ప చేస్తాడు," అన్నాడు శెట్టి.

దానికే ఆమె కుర్చీ అడిగింది.

"మన ఇండ్లలో ఆడోళ్ళు అంగట్లో కూర్చుంటారా?" శెట్టి గొంతు తగ్గించి అడిగాడు.

ఆయన తగ్గిస్తే రాజ్యలక్ష్మమ్మ పెంచింది. "బాగుండాది వరస! లారీలోళ్ళ మధ్య కోడలు కూర్చుంటాదంట! నేను ఈ ఇంటికి వచ్చినప్పటి నుంచి ఆ కుర్చీ దిక్కు తలెత్తి చూసినానా?"

"చూసింటే బాగుండు అత్తా," అంది శ్రీవాసవి.

బయట గోపన్న హారను మోగించాడు. "ఏం శెట్టీ, పంపిస్తావా, పోయి పండుకోమంటావా?"

శెట్టి వక్క ఉమ్మేసి, కుర్చీని కాలితో వెనక్కి నెట్టాడు. శ్రీవాసవి ఆ కుర్చీని చేత్తో సరిచేసుకుని మరీ కూర్చుంది. ఫైలు పెట్టింది. బిల్లు బయటికొచ్చింది. లారీ కదిలింది.

"అయింది గదా. ఇంక లోపలికి పో," అన్నాడు శెట్టి.

మర్నాడు పొద్దున ఫైలు మళ్ళీ లేదు!

శెట్టి దేవేంద్రప్పకు ఫోను చేశాడు. "దయ్యమూ లేదు, గియ్యమూ లేదు," అన్నాడతను ఈసారి. "ఎవురో తెలిసినోళ్ళే తీస్తాండారు. మీ ఇంట్లో ఆ కంప్యూటరు ఇద్దె తెలిసింది ఎవురికో ఆలోచించుకో శెట్టీ."

ఫోను పెట్టేసరికి శెట్టి ముఖం జేవురించింది. కోడలిని పిలిచాడు. "నువ్వేనా తీస్తాండేది? దేవుని పటం మీద చెయ్యి పెట్టి చెప్పు."

"పెట్టను మామా. నా మాట మీద లేని నమ్మకం ఒట్టు మీద యాడ నుంచి వస్తాది? తీయలేదంటే తీయలేదు. తీసేదాన్నే అయితే మీ ముందరే తీసి, తీసినానని చెప్తా."

"చూస్తివా, నోరు!" రాజ్యలక్ష్మమ్మ చేతులు తిప్పింది. "అంత అనుమానముంటే పొద్దున నుంచి మాపటిదాకా ఆ కుర్చీలోనే కూర్చోబెట్టు, నీ కంటి ఎదురుగా! ఎట్లా తీస్తాదో చూద్దాం. తిక్క కుదుర్తాది!"

శెట్టికి ఆ మాట నచ్చింది. "విన్నావా? రేపటి నుంచి అంగడి తెరిచినప్పుడు వచ్చి, మూసేదాకా ఈడే ఉండల్ల."

"ఉంటా. శిక్ష అనుకుని కాదు మామా, నా పని అనుకుని ఉంటా. దొంగ దొరికినాక లేయమన్నా లేయను, ఇప్పుడే చెప్తాండా."

దొంగ దొరకలేదు. ఫైలు మాత్రం మళ్ళీ పోలేదు. గని దగ్గరి నుంచి వచ్చిన మొగుడు శివప్రసాద్ ఆమెను ఆ కుర్చీలో చూసి, తలొంచుకుని లోపలికి వెళ్ళిపోయాడు. లారీల వాళ్ళు శెట్టిని వదిలేసి "బిల్లెంతసేపమ్మా?" అని ఆమెనే అడగసాగారు. కంటి ఎదురుగా పెట్టుకునేసరికి ఎట్లా దారికొచ్చిందో చూడమని శెట్టి వచ్చినవాళ్ళందరికీ గొప్పలు చెప్పుకున్నాడు.

అంగడి తెరవక ముందే దీపం పెట్టడానికి ఒక్కతే వెళ్ళే రాజ్యలక్ష్మమ్మ, కోడలు కుర్చీ ఎక్కిన నాటి నుంచి కంప్యూటరుకు కుంకుమబొట్టు మాత్రం పెట్టి, ఆ ఫైలును తీసేయడం మానుకుంది.