మూడో పుస్తకం

తలుపు మళ్లీ దబదబా మోగింది.

ఫణి ఊపిరి బిగబట్టాడు. స్టడీ రూమ్ క్లోజెట్‌లో, పుస్తకాల అట్టపెట్టెల మధ్య ముడుచుకుని కూర్చున్నాడు. కాలు తిమ్మిరెక్కింది. కదిలితే పెట్టెలు మీద పడతాయి.

"ఫెడరల్ ఏజెంట్స్! ఓపెన్ ది డోర్!"

జ్ఞానప్రసూన తాపీగా వెళ్లి తలుపు ఓరగా తెరిచింది. ఆమె అమెరికా చరిత్ర ప్రొఫెసర్. ఈ దేశపు బట్టల మిల్లుల మీద ఒకటి, పొగాకు తోటల కూలీల మీద ఒకటి, రెండు లావుపాటి పుస్తకాలు రాసి రిటైరైంది. ఈ కాలపు హోటళ్లలో, వెనక వంటగదుల్లో బతికేవాళ్ల గురించి రాసిన మూడోది నిరుడే వచ్చింది.

"ఫణి ఇక్కడున్నాడా, ప్రొఫెసర్?"

"జడ్జి సంతకం పెట్టిన వారెంట్ ఉందా?"

"మీతో మాట్లాడితే చాలు."

"ఆధారం లేకుండా నేను ఒక్క వాక్యం కూడా రాయను. ఆధారం లేకుండా తలుపూ తీయను. వారెంట్ తెండి, కాఫీ ఇస్తాను."

తలుపు మూసుకుంది. బూట్ల చప్పుడు మెట్లు దిగింది. కారు కదిలిన చప్పుడు మాత్రం వినపడలేదు.

కాసేపటికి క్లోజెట్ సందులోంచి ఉప్మా ప్లేటు లోపలికి వచ్చింది.

"ఎదురుగానే కాపు కాస్తున్నారు. ఇక్కడే తిను."

"మళ్లీ ఉప్మానా మేడమ్? దీనికన్నా వాళ్లకి దొరికిపోవడమే నయం."

ఆమె క్లోజెట్ తలుపు దగ్గరగా వేసింది.

దొరికితే తిన్నగా విమానమే అని లాయర్ ముందే చెప్పింది. కోర్టు స్టే ఇచ్చేదాకా ఎలాగైనా దాక్కోవాలి. తను పనిచేసే కన్సల్టెన్సీ మూతపడి వీసా పోయినా ఫణి వెనక్కి వెళ్లలేదు. క్యారీ అనే ఈ ఊళ్లోనే ఒక హోటల్లో దోసెలు పోస్తూ ఉండిపోయాడు. కూతురు నైనిక ఇక్కడే పుట్టింది, ఇక్కడే చదువుతోంది. వచ్చీరాని తెలుగులో అది పంపిన వాయిస్ మెసేజ్‌ని చెవికి ఆనించుకుని మళ్లీ విన్నాడు.

"నాన్నా, ఫ్రైడే నా డాన్స్ రిసైటల్. నువ్వు వస్తుంది కదా? ప్రామిస్ చేశావ్."

ఉప్మా ప్లేటు పక్కకి నెట్టేశాడు.

ఎవరు చెప్పారు? అదొక్కటే అతని బుర్ర తొలిచేస్తోంది. హోటల్లో అందరికీ అతను రాజు. జీతమిచ్చే ఓనర్‌కి కూడా రాజే. ఏజెంట్లు మాత్రం తిన్నగా వంటగదిలోకి వచ్చి, "ఫణి ఎవరు?" అని అడిగారు. నాలుగు రోజుల కిందట వెనక తలుపులోంచి దూకి, స్నేహితుడు ఉదయ్ కార్‌లో ఇక్కడికి వచ్చిపడ్డాడు. ఇప్పుడు ఇక్కడికీ వచ్చేశారు!

ఈ ఊళ్లో అసలు పేరు తెలిసిన బయటివాళ్లు ఇద్దరే. ఒకరు, ఇప్పుడే గుమ్మంలో అడ్డంగా నిలబడి వాళ్లని వెనక్కి పంపిన మేడమ్. ఇక మిగిలింది ఉదయ్.

ఉదయ్‌కి సాఫ్ట్‌వేర్ ఉద్యోగం. వీకెండ్స్‌లో గుట్టుగా అదే హోటల్లో కౌంటర్ చూసుకుంటాడు. హెచ్-వన్ వీసా మీద అలా చేయకూడదు. అతని ఆఫీస్‌కి ఒక్క మెయిల్ వెళితే చాలు.

ఫణి ఫోన్‌లో టైప్ చేయడం మొదలుపెట్టాడు.  ఆపి, వెలుతురు కోసం తలుపు కాస్త నెట్టి, పక్క పెట్టెలోంచి మేడమ్ రాసిన మూడో పుస్తకం తీశాడు. మనసు బాగోనప్పుడల్లా తన మీద రాసిన అధ్యాయం చదువుకుంటున్నాడు. అందులో రంగా అంటే తనే. పేరు మారుస్తానని మేడమ్ మాటిచ్చింది, మార్చింది. మనిషంటే అలా ఉండాలి.

ఈ కాపీలో ఎవరో పెన్సిల్‌తో గీతలు గీశారు. నిన్న చూసిన దాంట్లో 'హ్యాపీ బర్త్‌డే, డాడ్' అని ఉంది. అన్నిట్లోనూ చివరి పేజీలు కత్తిరించి ఉన్నాయి. అమ్ముడుపోని కాపీలని మేడమ్ చెప్పింది. అయినా రోజూ ఇంకో పార్శిల్ వస్తూనే ఉంది. వచ్చినప్పుడల్లా పక్కగదిలో కాగితాలు ముక్కలు చేసే ష్రెడర్ చప్పుడు.

పుస్తకం పక్కన పడేసి మెయిల్ పూర్తి చేశాడు.

"ఏం చేస్తున్నావ్?" జ్ఞానప్రసూన ప్లేటు కోసం వంగి, స్క్రీన్ చూసింది.

"ఉదయ్ గాడి లెక్క తేలుస్తున్నా. వాడూ నాతోపాటే విమానం ఎక్కుతాడు."

"ఆగు. అతను కాదు."

"మీకు లోకం తెలీదు మేడమ్. నా పేరు తెలిసింది వాడికీ మీకూ. మీరైతే చెప్పరుగా?"

బొటనవేలు సెండ్ బటన్ మీదికి వెళ్లింది. ఆమె చటుక్కున ఫోన్ లాక్కుంది. పెట్టెల పక్కనే నేల మీద కూర్చుంది. అతను పడేసిన పుస్తకాన్ని ఒళ్లోకి తీసుకుని, కత్తిరించిన అంచుని వేలితో నిమిరింది.

"ఎవరు మరి?" ఫణి గొంతు పెరిగింది. "చెప్పండి మేడమ్, ఎవరు?"

"అధ్యాయంలో నిన్ను రంగా అని రాసి, ఆధారం చూపించే అలవాటు కొద్దీ చివరి పేజీల్లోని ఆధారాల జాబితాలో నీ అసలు పేరూ, హోటల్ పేరూ అచ్చు వేయించి నిన్ను పట్టించింది నేనే, ఫణీ."