మొదటి పంటు ఆట

“మళ్లీ చెప్పండి, ఏం చేసేరు?” కళ్యాణ్ బల్ల మీద గుద్దాడు.

“ఫార్మాట్ కొట్టేసేనండి,” అన్నాడు నెట్ సెంటర్ అమ్మిరాజు. “ఏటా ఆయుధపూజకి అంతే కదండీ. దుమ్ము దులిపి, లోపలున్నదంతా తుడిచేసి, బొట్టు పెడతాం.”

“నా ఆట కూడా తుడిచేసేరన్నమాట!”

“ఆయ్.”

అయిదేళ్ల కిందట అమలాపురంలోని ఈ మేడ మీదే కళ్యాణ్ పంటు ఆట తయారుచేశాడు. ఎక్కడెక్కడో ఉన్న ఇద్దరు ఇంటర్నెట్‌లో కలిసి, గోదావరి రేవు దాటించే పంట్లు నడిపే ఆట.

ఇప్పుడు హైదరాబాదు కంపెనీ ఒకటి అది తమదేనంటోంది. పండగ వెళ్లగానే కోర్టు. మొదటి కాపీ చూపించకపోతే కళ్యాణే దొంగ.

ఆటను మార్చి కొత్తది ఎక్కించినప్పుడల్లా తన దగ్గరున్న పాత కాపీ చెరిపేసింది అతనే. ఆ కోపం కూడా అమ్మిరాజు మీదే.

“నెట్ సెంటర్లన్నీ చూస్తూ రాజోలు తిరిగేను, కొత్తపేట తిరిగేను. ఎక్కడ చూసినా బొట్టు పెట్టిన ఖాళీ డబ్బాలే! పూజలు మీకు, జైలు నాకు!”

అప్పుడే ఒకావిడ మెట్లెక్కి వచ్చింది. నైలాన్ తాడు కట్టిన అట్టపెట్టె గుమ్మంలో దించింది. దాని మీద కువైట్ అని పెద్దక్షరాలు.

“కళ్యాణ్ గారంటే మీరేనా బాబూ?”

“సెంటు సీసాలు వద్దు.”

“సెంట్లు కాదండీ...”

“దుప్పట్లయితే అసలొద్దు! గల్ఫ్ నుంచి దిగడం, పెట్టె నెత్తినెట్టుకుని గడప గడపకీ రావడం! తియ్యండమ్మా!”

“ఒక్క మాటండీ బాబూ...”

కళ్యాణ్ పెట్టెను కాలితో తోసేశాడు. అది మెట్లన్నీ దొర్లుకుంటూ వెళ్లి వీధిలో పడింది.

ఆమె కిందికి దిగి పెట్టెను కదిపి చూసింది. లోపల గలగలమంది. దాన్ని గోడవారగా నిలబెట్టి, వెనక్కి చూడకుండా వెళ్లిపోయింది.

“సీసాలు పగిలుంటాయండి,” అన్నాడు అమ్మిరాజు.

సెంటు వాసన మాత్రం రాలేదు.

అమ్మిరాజు దిగి తాడు విప్పితే, పాత కంప్యూటరు. పైకి తెచ్చి కరెంటు పెట్టాడు. హార్డ్ డిస్కు టకటకా కొట్టుకుని ఆగిపోయింది.

“పనికిరాని సామాను మనకంటగట్టాలని వచ్చింది!” కళ్యాణ్ ఇంకా మండిపడుతూనే ఉన్నాడు.

పూజకు పూలు పట్టుకుని అమ్మిరాజు భార్య వెంకటలక్ష్మి వచ్చింది.

“సలోమి గారు అప్పుడే వచ్చేసేరా? మీ గొడవ నేను ఫోన్లో చెప్పగానే బయల్దేరేరు పాపం,” అంది కంప్యూటరును చూసి. “మీ ఆట మొట్టమొదట ఆడింది ఆవిడేనండి కళ్యాణ్ గారూ. కువైట్‌లో ఉండి ఇక్కడి కూతురితో ఆడుకున్న ఆట పోతుందని, ఇందులో కొత్తది ఎక్కించనే లేదట.”