మొదటి టేకు

జిమ్నాస్టిక్స్ చాంపియన్ హీరోయిన్ అయ్యాక, తన పాత కోచ్‌కే సినిమాలో కోచ్ వేషం ఇప్పించింది. సీనులో ఆమె అతని చెంప పగలగొట్టాలి.

అప్పట్లో బార్ పట్టుకునేముందు చేసినట్టే చేతులకు సుద్దపొడి రాసుకుని ఒక్కటిచ్చింది. ఐదు వేళ్లూ తెల్లగా అచ్చుపడ్డాయి.

"బాగా రాలేదు. మళ్లీ," అంది.

మేకప్‌మన్ తుడిచినప్పుడల్లా కొట్టింది. ఎనిమిదోసారికి చెంప వాచిపోయింది.

"ఇక నావల్ల కాదమ్మా," అన్నాడు కోచ్.

"మడమ విరిగిన రోజు నేనూ అదే అన్నాను సార్. 'బాగా రాలేదు, మళ్లీ' అన్నారు మీరు."

కోచ్ డైరెక్టర్ వైపు తిరిగాడు. "తప్పెక్కడో ఒక్కసారి మానిటర్‌లో చూపించండి. దిద్దుకుంటాను."

డైరెక్టర్ నేలచూపులు చూశాడు. "ఏముందని చూపించనండీ? మొదటి టేకే ఓకే అయింది. ఆ వెంటనే కెమెరా ఆపించేశారు మేడం."

ఆమె మళ్లీ సుద్దపొడి అందుకుంది.