ఆయన గది నిశ్శబ్దం

పోయిన నాయకుడి మీద టీవీ డాక్యుమెంటరీ పూర్తి కావచ్చింది. సగం జనానికి దేవుడు, సగం జనానికి హంతకుడు. అర్ధరాత్రి ఖాళీ స్టూడియోలో ఎడిటరమ్మ గాల్లో తేలిపోతోంది.

"తెర మీద నీ పేరు చూసేదాకా పడుకోనని అమ్మ భీష్మించుకు కూర్చుంది," ఫోన్లో భర్త నవ్వాడు.

"రేపు కదండీ వేసేది! అత్తయ్యను పడుకోమనండి."

ఇంకొక్క అతుకే మిగిలింది. "జనం మీద కాల్పులు జరపమన్నది మీరేనా?" అని పాత ఇంటర్వ్యూలో అడిగితే ఆయన గొంతు సవరించుకుని, లేచి వెళ్లిపోయాడు. బతికినన్నాళ్లూ జవాబు చెప్పలేదు. ఆ ప్రశ్న తర్వాత కాసేపు నిశ్శబ్దం పెట్టాలి. అందుకే అందరూ బాబాయ్ అని పిలిచే సౌండ్ రికార్డిస్టు, ఆయన ఖాళీ గదిలో అందరినీ ఊపిరి బిగబట్టమని, ఆ నిశ్శబ్దాన్నే రికార్డు చేసి తెచ్చాడు.

అతికించి విన్నది. మధ్యలో ఎవరో గొంతు సవరించుకున్నారు. నెలల తరబడి విన్న ఆయన గొంతు, నిద్రలోనైనా పోల్చుకుంటుంది.

"బాబాయ్, నీ వేషాలు నా దగ్గరా!" అని నవ్వుకుంటూ ఆ ముక్క కత్తిరించేసింది. స్పీకర్లు ఆపేసింది.

వెనక సోఫాలో ఎవరో గొంతు సవరించుకున్నారు.

ఒళ్లు జల్లుమంది. ఆ వెంటనే, సిగ్గు లేకుండా, పట్టరాని సంతోషం. ఇన్నేళ్లుగా ఎవరికీ దొరకని జవాబు! వెనక్కి తిరగకుండానే మైకు ఆన్ చేసింది.

"చెప్పండి సార్, వింటున్నాను."

సోఫా కిర్రుమంది. తెర మీద పడుకుని ఉన్న శబ్దరేఖ మెల్లగా తల ఎత్తింది.